నీళ్ళకు ఓర్వని రాయి

అబ్దోన్ కాంపిల్లాయ్ ఏ రాయిని గురించి అయినా నాలుకకు తాకించిన మీదటనే అభిప్రాయం చెప్పేవాడు. చేదుగా ఉన్నది విరేచనపు మందుకు, ఉప్పగా ఉన్నది మేకలకు, నోరంతా పిండినట్లు వగరుగా ఉన్నది పట్నానికి అని ఆయన విభజన. నలభై ఏళ్ళ ఈ విద్య మూలంగా ఆయన పళ్ళు తుప్పు రంగుకు తిరిగాయి; నాలుక నడుమ ఒక నల్లని చార శాశ్వతంగా నిలిచిపోయింది. ఏటికొకసారి కోపియాపో పట్నం నుండి వచ్చే పాదిరీగారు ప్రసాదపు అప్పాన్ని ఆ నాలుక మీద పెట్టబోయి, ఒక్క క్షణం ఆగి, పిమ్మట దేవుని మీద భారం వేసి పెట్టేవారు.

మా లోయ పేరు అగ్రియా. పులుపు అని అర్థం. ఆ పేరు పెట్టినవాడు కూడా నేలను రుచి చూసే ఉంటాడు. పదిహేడు ఇళ్ళు, నేను నడిపే దుకాణం, ఎండి ఉప్పెక్కిన ఒక వాగు. నీళ్ళు పదిహేను రోజులకొకసారి లారీ మీద వచ్చేవి. వాన సంగతి అడిగితే, నేను చెబుతున్న 1953వ సంవత్సరం నాటికి దాని ముఖం చూసినవారు ఊళ్ళో ముగ్గురే మిగిలి ఉన్నారు. వారి సాక్ష్యాలు ఒకదానితో ఒకటి పొసగేవి కావు.

రాగి అయిపోయిందని యజమానులు విడిచిపోయిన పాత గనిలో అబ్దోన్ ఒంటరిగా తవ్వుకొనేవాడు. పెళ్ళి చేసుకోలేదు. అన్న నికాసియో లారీ నడిపేవాడు. వదిన సునిల్దా సోమవారం సోమవారం మట్టిపొయ్యిలో రొట్టెలు కాల్చేది. సోమవారం మా వైపు ఆత్మల దినం. ఆ రోజున పోయినవారి పేరు చెప్పి ఉన్నవారికి పెడతారు. అబ్దోన్ వారంలో కూర్చొని తినే భోజనం ఆ ఒక్కటే. మిగిలిన ఆరు దినాలూ గని గుమ్మంలో నిలుచుండి ఎండిన అంజూరాలు, మేకజున్ను నమిలేవాడు.

ఆ గనిలో దొరికే విలువైన వస్తువు రాగి కాదు. గోడల నిండా మాక్షికం అనే మెరుపురాయి ఉండేది. బంగారమని భ్రమపడిన వారి మూలంగా దానికి వెర్రి బంగారమని కూడా పేరు. దాని నుండి రకరకాల అన్నభేదులు, అంటే రంగురంగుల ఇనుప లవణాలు, పుట్టేవి. వాటిని చూడడానికి కోపియాపో నుండి ఒక ఖనిజాల పంతులు వచ్చేవాడు. ఒకనాడు ఆయన పుస్తకం తెరిచి అబ్దోన్‌ను ప్రశ్నించాడు.

“ఇది ఎలా పుడుతుందో నీకు తెలుసునా?”

“వెర్రి బంగారం కుళ్ళితే పుడద్దండి.”

“రాయి కుళ్ళుతుందా?”

“గాలి తగిల్తే ఏదైనా కుళ్ళుద్ది. మీరూ నేనూ కుళ్ళమా? దానికి కాస్త ఆలస్యం, అంతే. తెల్లారగట్ల చల్లటి తేమ లోపలికొస్తదా, ఆ చెమ్మ తగిలి దాని కడుపులో ఉన్న గంధకం పులుస్తది. ఆ పులుపు ఇనుమును తినేసి గోడెంట కారద్ది. కారింది ఎండితే పూలు పూస్తది. మొదటి కాన్పు ఆకుపచ్చ. అది ఎండి పిండైతే తెలుపు. గాలి ఇంకా తాగితే పసుపు. అన్నిటికన్నా ఆఖర్న, బాగా ఓపిక పట్టినోడికి ఊదా.”

“అంటే నీరు కావాలన్నమాట.”

“నీళ్ళు మంత్రసానండి. పురుడు పోసేవరకే ఉండాల. ఆ తర్వాత కూడా ఇంట్లోనే తిష్ఠ వేసిందా, బిడ్డనెత్తుకు పోద్ది. చెంబుడు నీళ్ళలో ఈ గడ్డ వేసి పొద్దున చూడండి. గడ్డుండదు. నీళ్ళుంటయ్యి, గానీ ఎవరూ తాగరు.”

పంతులు ఎనిమిది పుటలు వ్రాసుకొని పోయాడు. తరువాత ఆయన అచ్చు వేయించిన వ్యాసంలో మంత్రసాని ప్రసక్తి లేదని విన్నాను.

ఊదా రాయి అంటే అబ్దోన్‌కు ప్రాణం. ఆరు పలకల స్ఫటికాలు. పలుచని ద్రాక్షసారాయిని గడ్డకట్టించినట్లుండేవి. తాకితే నున్నన, నాకితే ముందు ఏమీ ఉండదు, పదంకెలు లెక్కపెట్టేలోగా దానిమ్మ తొక్క కొరికినట్లు బుగ్గలు లోపలికి పోతాయి. ఆ గడ్డలను ఆయన గని నుండి ఇంటికి ఒక చిన్న చెక్కపీపాలో మోసుకొనేవాడు.

మా ఊళ్ళో పీపాను నీళ్ళతో కడగరు. నీళ్ళు పోయబోయే పాత్ర కోసం నీళ్ళు పారబోయడం మతి చెడినవారి పని అని మా అందరి అభిప్రాయం. పొడిగుడ్డతో తుడుస్తారు, తరువాత గుడ్డను దులుపుతారు. మా తాతలు అలాగే చేశారు, ఎవరికీ ఏమీ కాలేదు.

ఆ జనవరిలో నికాసియో సొంత పీపాకు ఇనుపకట్టు వదులైంది. తమ్ముని పీపా అడిగాడు. అబ్దోన్ దానిని తుడిచి, నిండా నీళ్ళు పోసి, లారీలో అన్న కూర్చొనే చోటు పక్కన పెట్టాడు.

“ఒరేయ్, శుభ్రంగా తుడిచావా?”

“తుడిచానన్నా.”

“ఎన్నిసార్లు?”

“రెండు.”

“అబ్బో, రెండే! పెళ్ళికెళ్తన్నట్టుంది.”

అన్నదమ్ముల మధ్య జరిగిన చివరి సంభాషణ ఇది. రైలుస్టేషనుకు పోయే బాటలో, ఊరికి పదకొండు కోసుల దూరాన, తెల్లని ఉప్పు మైదానం నడుమ లారీ ఇరుసు విరిగింది. అటువంటప్పుడు బండిని విడిచి నడవరాదనీ, దాని నీడన కూర్చొని ఎవరైనా వచ్చేవరకు నీళ్ళు పొదుపుగా తాగుతుండాలనీ మా వైపు నియమం. నికాసియో నియమం తప్పలేదు.

మూడవనాడు అబ్దోన్ కంచరగాడిదను ఎక్కి వెదుకుతూ పోయాడు. అన్న లారీ కింద నీడలోనే ఉన్నాడు. చుట్టూ వాంతి చేసుకొన్న గుర్తులు ఉన్నాయి. పీపా పక్కనే ఉంది, బిరడా తీసి ఉంది. నీరు నాలుగు వేళ్ళు మాత్రమే తగ్గింది. అబ్దోన్ వేలు ముంచి నాలుకకు రాసుకొన్నాడు. తన సరుకును తాను గుర్తుపట్టడానికి ఆయనకు ఎంతోసేపు పట్టలేదు. పొడిగుడ్డ పీపాలోని రాయిని తుడిచింది కాని, చెక్కసందుల్లో కూరుకొన్న పొడిని తుడవలేదు. ఏ రాయినీ రుచి చూడక వదలని మనిషికి నీళ్ళను రుచి చూడాలని తోచలేదు. నీళ్ళను ఎవరు రుచి చూస్తారు?

ఆయన ఆ నీటిని ఇసుకలో పారబోశాడు. ఇసుక తుప్పు రంగుకు తిరిగింది. దానిపై పొడి మట్టి కప్పాడు. సుత్తితో పీపాచెక్క ఒకటి కదిలించాడు. ఊళ్ళోకి వచ్చి, “పీపా కారిపోయింది” అన్నాడు. ఆయన జీవితంలో ఆడిన అబద్ధం ఇదొక్కటే అని నేను అనను. నిలిచిన అబద్ధం మాత్రం ఇదొక్కటే.

సునిల్దా నమ్మింది. ఆ సోమవారం కూడా ఆయనకు రొట్టె పెట్టింది. ఈ మాట బయటపడిననాడు ఆ తలుపు తనకు మూసుకొంటుందని అబ్దోన్‌కు తెలుసు. ఆ తలుపు తప్ప ఈ భూమి మీద ఆయనకు వేరొక తలుపు లేదు.

దారిలో అకస్మాత్తుగా పోయినవారికి ఆ చోటనే ఒక చిన్న ఇల్లు కట్టడం మా ఆచారం. శవం వేరే చోట ఉంటుంది, ఆత్మ అక్కడ ఉంటుంది. సాధారణంగా రేకుతోనో ఇటుకతోనో కోళ్ళగూడంత కడతారు. అబ్దోన్ నాలుగు నెలలు తవ్వి, దొరికిన ఊదా గడ్డలలో శ్రేష్ఠమైనవన్నీ గాడిద మీద మోయించి, నడుమెత్తు ఇల్లు కట్టాడు. లోపల అన్న టోపీ పెట్టాడు. సాయంకాలపు ఎండ గోడలను దాటి లోపల పడినప్పుడు ఆ టోపీ బిషప్పుగారి టోపీలాగా కనిపించేది. ఆ రాయితోనే ఎందుకు కట్టావని అడిగితే, తన వద్ద ఉన్నవాటిలో అందమైనది అదేనని చెప్పేవాడు. వాన రాదని లెక్క వేశాడు. మనుషులు వస్తారని వేయలేదు.

దాహంతో పోయినవానికి మావాళ్ళు పూలు తేరు, నీళ్ళు తెస్తారు. మొదటి సీసా సునిల్దాయే పెట్టింది. రెండవది ఫ్రోయిలాన్ కింసకారా అనే లారీ డ్రైవరు పెట్టాడు. ఆ రోజు ఎగువ కొండ ఎక్కుడులో అతని ఇంజను కాగిపోయి ఆగలేదు. ఈ వార్త స్టేషను వరకు ప్రాకింది. బ్రతికి ఉండగా నికాసియో తన సొంత లారీనైనా ఒక్కసారి ఇంజను కాగకుండా ఆ ఎక్కుడు ఎక్కించినవాడు కాడు. అయినా ఏడాది తిరిగేసరికి ఆయన ఇంటి ముందు ముప్పై సీసాలు చేరాయి. ఎండకు బిరడాలు ఎగిరిపోయేవి, గాజు పగిలేది. తూర్పుగోడ అడుగున చేయి పట్టేటంత బొరియ పడింది.

అబ్దోన్ గోడలకు కొవ్వు పూశాడు. కొవ్వును నక్కలు నాకివేశాయి. నాకిన నక్కలు మళ్ళీ రాలేదు. నీళ్ళు వద్దు, కొవ్వొత్తులు వెలిగించండని అందరికీ చెప్పాడు. మంటకు రాతిలోని నీరు పోయి, ఊదా గోడ తెల్లని పిండిగా రాలింది. కొవ్వొత్తులు కూడా వద్దన్నాడు. చివరకు ఒక రేకు మీద రంగుతో వ్రాసి నిలబెట్టాడు: “నికాసియోకు దాహం తీరింది. దయచేసి పూలు తేగలరు.”

ఫ్రోయిలాన్ లారీ ఆపి ఆ రేకును రెండుసార్లు చదివాడు.

“ఏం బావా, మీ అన్న ఉత్తరం రాశాడా దాహం తీరిందని?”

“తీరుంటది ఫ్రోయిలాన్. ముప్పై సీసాలు!”

“నువ్వు ఉప్పుమడిలో మూడ్రోజులు కూచో. నాలుగోరోజు ముప్పై సీసాలతో నేనొస్తా. చాలంటావేమో చూద్దాం.”

“పువ్వు తేరాదూ ఒకటి.”

“పువ్వా? ఈ దారిలో పువ్వు కనపడితే నేనే తినేస్తా. జరుగు, సీసా పెట్టుకోనీ. ముందు ఎక్కుడుంది.”

ఆ తరువాత అబ్దోన్ మంగళవారాలు పోయి, సీసాలన్నిటినీ నలభై అడుగుల అవతల మామూలు నల్లరాళ్ళ వరుసలో పెట్టి రాసాగాడు. సోమవారం తెల్లారుతూనే దారిన పోయే లారీ ఎక్కి వచ్చే సునిల్దా వాటిని తిరిగి ఇంటి మొగాన చేర్చేది. కొన్ని వారాలకు ఆమె ఊళ్ళో చెప్పింది, సీసాలు నడుస్తున్నాయని. నికాసియో దాహానికి తట్టుకోలేక లేచి తిరుగుతున్నాడని డ్రైవర్లు నిర్ణయించారు. అందుచేత సీసాలు డెబ్బై అయ్యాయి.

ఇంత జరిగినా అబ్దోన్ నోరు విప్పలేకపోయాడు. రాయి నీళ్ళలో కరుగుతుందని చెబితే, ఎంతగా కరుగుతుందని అడుగుతారు. చెంబులో వేసి చూస్తారు. చూసినవారిలో ఒకరైనా ఆ నీళ్ళను నోట పోసుకొంటారు. ఆపైన పీపా జ్ఞాపకం రాకపోదు.

ఒక మంగళవారం సునిల్దా, భర్త నడిచేది తన కళ్ళతో చూడాలని, ఫ్రోయిలాన్ లారీ మీద ముందుగా వచ్చి ఇంటి వెనుక కూర్చొన్నది. ఫ్రోయిలాన్ తిరిగి వచ్చేటప్పుడు ఎక్కించుకొంటానని పోయాడు. కొంతసేపటికి అడుగుల చప్పుడైంది. ఆమె శిలువ గుర్తు వేసుకొని లేచి చూసింది. అబ్దోన్ ఒక్కొక్క చంకలో మూడేసి సీసాలు పెట్టుకొని నిలబడి ఉన్నాడు.

“ఆత్మనుకున్నాను. నువ్వా!”

“నేనే వదినా.”

“మీ అన్న నీళ్ళు ఎత్తుకుపోతన్నావు.”

“ఎత్తుకుపోవట్లేదు. నలభై అడుగులే.”

“ఉన్నప్పుడు ఎండిపోయి చచ్చాడు. చచ్చాక కూడా నీళ్ళు అందకుండా పెడతావా? ఏం చేశాడయ్యా నీకు?”

“రాయి వదినా. నీళ్ళకు ఓర్వదు. కరిగిపోద్ది.”

సునిల్దా బొరియ పడిన గోడ వంక చూసింది, మరిది వంక చూసింది.

“ఓర్వదని నీకు ముందే తెలుసుగా. రాళ్ళన్నీ నాకి చూస్తావుగా. తెలిసి తెలిసి, దప్పికతో పోయినోడికి ఈ రాయితోనా ఇల్లు కట్టేది?”

మరచిపోయానని అంటే సరిపోయేది. ఆ అబద్ధం ఆయన నోట సిద్ధంగానే ఉంది. ఆయన సీసాలను ఒక్కొక్కటిగా కింద పెట్టాడు; ఆరు సీసాలు పెట్టేటంత సేపు దానిని అనకుండా ఉండగలిగిన తరువాత ఇక అనలేకపోయాడు.

“పీపా కారలేదు వదినా.”

“ఏ పీపా?”

“ఆ పీపా. నిండా నీళ్ళున్నయ్యి. అందులో అంతకుముందు ఈ రాయే మోశాను. తుడిచాను. రెండుసార్లు తుడిచాను. పొడి మిగిలిపోయింది. నేను నింపిన నీళ్ళే అవి.”

సునిల్దా ఇసుకలో కూర్చొన్నది. గాలి రేకును కొంచెంసేపు మోగించింది.

“తాగాడా?”

“నాలుగు వేళ్ళు తగ్గినయ్యి.”

“తాగి?”

“కక్కాడు.”

“మళ్ళీ తాగాడా?”

“నాలుగు వేళ్ళంటే... మళ్ళీమళ్ళీ తాగుంటాడు.”

“నిన్ను తిట్టుకునుంటాడు.”

“తిట్టుకునే ఉంటాడు.”

ఆమె లేచి, ఇంటి గోడ దగ్గరకు పోయి, మోకాళ్ళ మీద కూర్చొని, ఊదా రాతిని నాలుకతో నాకింది. అబ్దోన్ వద్దనలేదు. ముందు ఆమె ముఖాన ఏ మార్పూ లేదు. తరువాత బుగ్గలు లోపలికి పోయాయి, కళ్ళ నీళ్ళు తిరిగాయి, ఉమ్మి వేసింది. ఉమ్మి గోధుమరంగుగా పడింది. ఆమె శాలువా అంచుతో నాలుకను తుడుచుకొన్నది.

“దీన్నా,” అన్నది, “నాలుగు వేళ్ళు తాగాడు.”

“అవును వదినా.”

“కాఫీలో పంచదార ఒక పిసరు తగ్గితే అర్ధగంట సణిగేవోడు.”



సునిల్దా దగ్గరలోని సీసా బిరడా తీసి గోడ మీద పోసింది. మొక్కకు పోసినట్లు, తొందర లేకుండా, ఒకే చోట పడకుండా పోసింది. రెండవ సీసా తీసింది. కొంతసేపు చూసి, అబ్దోన్ కూడా ఒక సీసా బిరడా తీశాడు. వదినా మరుదులు డెబ్బై సీసాలూ పోశారు. రాయి మాయమైపోలేదు, అంచులు పోయి, మూలలు పోయి, తడిసిన బెల్లపు దిమ్మలాగా కుంగి కూర్చొన్నది. పసుపుగా మొదలైన నీరు తుప్పు రంగుగా ఇసుకలో పారి, గతంలో పీపా పారబోసిన చోటికి పోయి నిలిచింది. కప్పిన మట్టి ఆ తడికి పక్కకు తొలగి, పాత మరక బయటపడింది. సునిల్దా దానిని చూసింది. అది ఏమిటని అడగలేదు.

టోపీని మాత్రం ఆమె ముందే తీసి తలకు పెట్టుకొని ఉంది. ఫ్రోయిలాన్ తిరిగి వచ్చేసరికి ఇల్లు లేదు, సీసాలు ఖాళీగా ఉన్నాయి.

“ఏమైంది వదినా?” అన్నాడు అతడు.

“తాగాడు,” అన్నది సునిల్దా, లారీ ఎక్కుతూ. అబ్దోన్‌ను ఎక్కమనలేదు. ఆయన వచ్చిన గాడిద మీదనే తిరిగి వచ్చాడు.

ఆ సోమవారం అబ్దోన్ వదిన ఇంటివైపు పోలేదు. పై సోమవారం పోయి, తలుపు మూసి ఉండగా చూసి వచ్చాడు. మూడవ సోమవారం కూడా మూసే ఉంది. ఈ మూడు వారాలూ ఆయన ఎండిన వాగు అడుగున నల్లరాళ్ళు ఏరి, ఉప్పు మైదానంలో మట్టితో అన్నకు మళ్ళీ ఇల్లు కట్టాడు. అంత వికారమైన ఇల్లు ఆ దారి పొడుగునా మరొకటి లేదు. కాని డ్రైవర్లు బాల్చీలతో నీళ్ళు గుమ్మరించినా అది చెక్కుచెదరలేదు.

నాలుగవ సోమవారం తలుపు తెరిచి ఉంది. బల్ల మీద రొట్టె ఉంది, ఒక గ్లాసుతో నీళ్ళు ఉన్నాయి.

“కూచో,” అన్నది సునిల్దా. “రొట్టె తర్వాత. ముందు నీళ్ళు రుచి చూడు.”

ఆయన ఒక గుక్క నోట ఉంచుకొని, నల్లచార నాలుకపై అటు ఇటు తిప్పి, మింగాడు.

“బాగున్నయ్యి వదినా.”

“ఇటియ్యి అయితే.” ఆమె ఆ గ్లాసు తీసుకొని తాగింది. తరువాత రొట్టె విరిచి సగం ఆయన ముందుకు తోసింది. ఈ విషయం ఆ ఇంట్లో మళ్ళీ ప్రస్తావనకు రాలేదు. రొట్టె మాత్రం ఆయన రుచి చూసిన తరువాతనే ప్రతి సోమవారం విరిగేది.

అబ్దోన్ ఆ పైన పదకొండు సంవత్సరాలు బ్రతికాడు. చివరి దినాలలో ఇదంతా నాతో ఆయనే చెప్పాడు. ఆయన ఎరుగని కొద్దిపాటి సునిల్దా పూర్తి చేసింది. ఊదా రాయి తవ్వడం ఆయన మానలేదు, పంతులు రావడం మానలేదు. కాని నీళ్ళ లారీ వచ్చిననాడు ఆయన గనికి పోక, నా దుకాణం ముందు నిలబడి, ఊళ్ళో నింపిన ప్రతి పీపా నుండి ఒక గుక్క రుచి చూసేవాడు. ఎవరూ అడగలేదు. ముసలితనానికి ఒక వెర్రి ఉండాలని, ఇది ఖర్చులేనిదని మేము ఊరుకొన్నాము.

ఆ పదకొండేళ్ళలో ఒక్క పీపానే ఆయన వద్దన్నాడు. అది నా పీపా. నేను రుచి చూశాను, మా ఆవిడ చూసింది, ఫ్రోయిలాన్ ఒక లోటాడు తాగి పెదవులు చప్పరించాడు. ఏ దోషమూ లేదని ముగ్గురమూ చెప్పాము.

“పారబొయ్యి,” అన్నాడు అబ్దోన్. “పోసి, కడుగు.”

“దేంతో?”

“నీళ్ళతో.”

సునిల్దా తన ఇంటి గుమ్మంలో నిలబడి వింటున్నది. ఆమె ఇంట్లోకి పోయి, తన వంతు నీళ్ళలో ఒక బాల్చీ తెచ్చి, నా ముందు పెట్టింది. మా ఊళ్ళో పీపాను నీళ్ళతో కడగడం అదే మొదలు.